పదకొండు వేల డాలర్ల లెక్క

2023 జనవరి 23వ తేదీ రాత్రి ఎనిమిది గంటల వేళ సియాటిల్ నగరంలో, డెక్స్‌టర్ ఎవెన్యూ, థామస్ స్ట్రీట్ కలిసే చోట, పాదచారుల కోసం గీసిన చారల మీద రోడ్డు దాటుతున్న కందుల జాహ్నవిని ఒక పోలీసు కారు గుద్దింది. ఆ అమ్మాయి వయసు 23. కర్నూలు జిల్లా ఆదోని నుంచి వచ్చింది. నార్త్ ఈస్టర్న్ యూనివర్సిటీ సియాటిల్ క్యాంపస్‌లో ఎమ్మెస్ చదువుతోంది. ఆ వీధిలో వేగపరిమితి గంటకు 25 మైళ్ళు. కారు నడుపుతున్న కెవిన్ డేవ్ అనే పోలీసు ఆఫీసరు 74 మైళ్ళ వేగం దాకా వెళ్ళాడు. ఎవరో డ్రగ్స్ మోతాదు మించి తీసుకున్నారన్న కాల్ మీద వెళుతున్నాడు. పైన లైట్లు వెలుగుతున్నాయి గాని, సైరన్ మాత్రం ఆగి ఆగి మోగించాడు. ఆమె వంద అడుగులకు పైగా ఎగిరి పడింది. ఆ రాత్రే ఆసుపత్రిలో చనిపోయింది.

డేవ్ ఏదైనా మత్తులో ఉన్నాడేమో పరీక్షించడానికి పిలిపించిన మరో ఆఫీసరు పేరు డేనియల్ ఆడరర్. అతను పోలీసు యూనియన్‌కి ఉపాధ్యక్షుడు కూడా. ఆ పని ముగించుకుని యూనియన్ అధ్యక్షుడు మైక్ సోలన్‌తో ఫోన్లో మాట్లాడుతున్నప్పుడు అతని ఒంటి మీది కెమెరా నడుస్తూనే ఉంది. అందులో ఒక వైపు మాటలే వినిపిస్తాయి. ఆమె చనిపోయిందని చెప్పి నవ్వుతాడు. మామూలు మనిషేనంటాడు. ఓ చెక్కు రాసి పారేస్తే సరిపోతుందంటాడు. పదకొండు వేల డాలర్లంటాడు. ఎలాగూ 26 ఏళ్ళ పిల్లే, ఆమెకున్న విలువ అంతంత మాత్రమే అంటాడు. చెప్పిన వయసు కూడా తప్పే. ఈ రికార్డింగ్ లోకానికి తెలిసింది 2023 సెప్టెంబర్ 11న, అంటే దాదాపు ఎనిమిది నెలల తర్వాత.

కేసు పూర్వాపరాలు మరోసారి చెప్పడం ఈ వ్యాసం ఉద్దేశం కాదు. ఆ మరణాన్ని అమెరికన్ పత్రికలూ టీవీలూ ఎలా చెప్పాయి? మన తెలుగు పత్రికలు ఎలా చెప్పాయి? ఇక్కడ కూర్చుని ఏళ్ళ తరబడి కథలు రాస్తున్న మనం ఇలాంటి వాటిని ఎందుకు చెప్పలేకపోతున్నాం? ఈ మూడు ప్రశ్నలకీ చుట్టరికం ఉందని నా అభిప్రాయం.

కర్త లేని వాక్యాలు

బళ్ళో తెలుగు మాస్టారు చెప్పిన వ్యాకరణంలో ప్రతి క్రియకీ ఒక కర్త ఉంటాడు. పోలీసులకు సంబంధించిన వార్తల్లో మాత్రం కర్త తరచుగా మాయమవుతాడు. 2020 మే 25న మినియాపొలిస్‌లో జార్జ్ ఫ్లాయిడ్ చనిపోయాక అక్కడి పోలీసు శాఖ విడుదల చేసిన మొదటి ప్రకటన శీర్షిక సారాంశం ఇది: పోలీసులతో వ్యవహారం జరుగుతుండగా వైద్యపరమైన సమస్య తలెత్తి ఒక మనిషి మరణించాడు. అందులో మోకాలు లేదు, మెడ లేదు, తొమ్మిది నిమిషాలకు పైగా సాగిన కాలం లేదు. డార్నెల్లా ఫ్రేజియర్ అనే పదిహేడేళ్ళ అమ్మాయి అక్కడ నిలబడి ఫోన్లో వీడియో తీయకపోయి ఉంటే, ఆ ప్రకటనే మర్నాటి పేపర్లో నాలుగు లైన్ల వార్తయి ఉండేది. ఆమెకు 2021లో పులిట్జర్ బోర్డు ప్రత్యేక గుర్తింపు ఇచ్చింది. జర్నలిస్టులకిచ్చే బహుమానం దారిన పోయే పిల్లకి ఇవ్వాల్సి వచ్చిందంటే, జర్నలిస్టులు సాధారణంగా ఎవరి మాట రాసుకుంటారో ఆ బహుమానమే చెప్పినట్టయింది.

పోలీసు ఒక మనిషిని కాల్చి చంపితే ఇక్కడి పేపర్లు చాలాకాలంగా వాడుతూ వచ్చిన మాటకు తెలుగు చేస్తే 'పోలీసు ప్రమేయమున్న కాల్పులు' అవుతుంది. తుపాకీ తనంతట తానే పేలినట్టూ, పోలీసు ఆ పక్కన ఉన్నట్టూ అర్థం వస్తుంది. ఇది విని మనం నవ్వుకోవడానికి లేదు. 'ఎదురు కాల్పులు' అన్న మాటని కనిపెట్టి, తెల్లవారుజామున అడవిలో దొరికిన ప్రతి శవానికీ తగిలించిన భాష మనది. 'ఎన్‌కౌంటర్' అన్న ఇంగ్లీషు మాటకి ఇంగ్లండులోనూ అమెరికాలోనూ లేని అర్థాన్ని మన పత్రికలు ఇచ్చాయి. 'ఎన్‌కౌంటర్ చేశారు' అని సకర్మక క్రియగా వాడుకునే స్థాయికి వచ్చాం.

జాహ్నవి మరణం తొలి వార్తల్లో రెండు భాషల్లోనూ 'ప్రమాదం'గానే వచ్చింది. పాదచారి ఒకరిని పోలీసు వాహనం ఢీకొందని ఒక భాష, రోడ్డు ప్రమాదంలో తెలుగు విద్యార్థిని దుర్మరణమని ఇంకో భాష. ప్రమాదం అన్నది అమాయకమైన మాట. అందులో 25కీ 74కీ మధ్య ఉన్న 49 మైళ్ళు లేవు. ప్రమాదం అనగానే తలరాత గుర్తుకొస్తుంది, విమానంలో శవాన్ని ఇంటికి చేర్చే ఏర్పాట్లు గుర్తుకొస్తాయి. ఆ ఏర్పాట్లు చేయడంలో మన తెలుగు సంఘాల వాలంటీర్లు చూపించే శ్రద్ధకి ఎవరైనా దండం పెట్టాల్సిందే. కాని ఆ ఏర్పాట్లతోనే మన ప్రశ్నలు కూడా విమానమెక్కి వెళ్ళిపోతున్నాయి.

నవ్వు వినబడింది, వేగం వినబడలేదు

74 మైళ్ళ వేగం సంగతి సియాటిల్ స్థానిక పత్రికల్లో ఆ రికార్డింగ్ కంటే ముందే వచ్చింది. దేశం పట్టించుకోలేదు. నవ్వు వినబడ్డాకే జాతీయ టీవీ ఛానళ్ళు వచ్చాయి, భారత ప్రభుత్వం మాట్లాడింది, హైదరాబాద్ స్టూడియోల్లో చర్చలు మొదలయ్యాయి. 1991 మార్చిలో లాస్ ఏంజిలిస్‌లో రాడ్నీ కింగ్‌ని పోలీసులు కొడుతుంటే ఎదుటి అపార్ట్‌మెంట్ బాల్కనీ నుంచి ఒకాయన వీడియో తీసినప్పటి నుంచీ అమెరికాలో పోలీసు దౌర్జన్యానికి ఇదే వరస. రికార్డయితేనే వార్త. రికార్డు కానిది ఫిర్యాదు మాత్రమే.

దీనిలో ఒక చిక్కుంది. కెమెరాకి మనుషులు కనిపిస్తారు గాని వ్యవస్థ కనిపించదు. ఆడరర్ నవ్వు దొరికిన క్షణం నుంచీ కథకి ఒక విలన్ దొరికాడు. అతను లాయర్ల బేరసారాల్ని వెక్కిరిస్తూ అన్న మాటలవి అని చెప్పుకున్నాడు. కాదు, మనిషి ప్రాణం మీద వేసిన జోకు అని తక్కిన లోకం అంది. ఈ వాదన టీవీలో బాగా పండుతుంది. కాని ఇది సాగినంతసేపూ అసలు ప్రశ్నలు వెనకబడ్డాయి. జనం నడిచే వీధిలో మూడు రెట్ల వేగంతో పోవడానికి ఏ నిబంధన ఒప్పుకుంటుంది? ఒప్పుకోకపోతే దానికి శిక్ష ఏమిటి?

జరిగినదాన్ని వరసలో పెట్టి చూడండి. 2024 ఫిబ్రవరిలో కింగ్ కౌంటీ ప్రాసిక్యూటర్ లీసా మానియన్, డేవ్ తెలిసి తెలిసి నిర్లక్ష్యం చేశాడని రుజువు చేయడానికి సాక్ష్యం చాలదని, అతని మీద క్రిమినల్ కేసు పెట్టడం లేదని ప్రకటించారు. అజాగ్రత్తగా నడిపినందుకు అతనికి పడింది 5,000 డాలర్ల ట్రాఫిక్ జరిమానా. 2024 జులైలో ఆడరర్‌ని ఉద్యోగంలోంచి తీసేశారు. డేవ్‌ని తీసేసింది 2025 జనవరిలో. అంటే చనిపోయిన మనిషి గురించి నవ్వినవాడి ఉద్యోగం ముందు పోయింది, ఆ మనిషిని గుద్దినవాడి ఉద్యోగం ఆర్నెల్లు ఆలస్యంగా పోయింది. నవ్వు వీడియోలో ఉంది, వేగం నివేదికలో ఉంది. మన కాలపు న్యాయానికి నివేదికలు చదివే ఓపిక తక్కువ.

ఇంకో సంగతి. సియాటిల్ పోలీసు శాఖ 2012 నుంచి 2025 దాకా ఫెడరల్ కోర్టు పర్యవేక్షణలో ఉండేది. 2023 సెప్టెంబర్ 7న జడ్జి జేమ్స్ రోబార్ట్, శాఖ చాలావరకు బాగుపడిందని చెప్పి ఆ పర్యవేక్షణలో ఎక్కువ భాగాన్ని ఎత్తేశారు. సరిగ్గా నాలుగు రోజులకి ఆ నవ్వు బయటికొచ్చింది. అసలు ఆ పర్యవేక్షణకి దారితీసిన సంఘటనల్లో ముఖ్యమైనది 2010 ఆగస్టు 30న జరిగింది. జాన్ టి. విలియమ్స్ అనే ఆదివాసీ శిల్పి, చెక్క మీద బొమ్మలు చెక్కుకుని బతికేవాడు, చేతిలో చిన్న చాకూ చెక్కముక్కా పట్టుకుని సియాటిల్ నడిబొడ్డున రోడ్డు దాటాడు. అతనికి ఒక చెవి సరిగా వినపడదు. ఇయన్ బర్క్ అనే పోలీసు ఆఫీసరు కారు దిగి, చాకు కింద పెట్టమని అరిచి, కొద్ది సెకన్లలోనే కాల్చి చంపాడు. ఆ కాల్పులు సమర్థనీయం కావని శాఖ లోపలి విచారణే తేల్చింది. అతను రాజీనామా చేశాడు. క్రిమినల్ కేసు మాత్రం పెట్టలేదు. కేసు పెట్టకూడదని నిర్ణయించింది అదే కింగ్ కౌంటీ ప్రాసిక్యూటర్ కార్యాలయం.

ఇద్దరూ రోడ్డు దాటుతున్నవాళ్ళే. ఇద్దరూ అదే నగరం పోలీసుల చేతుల్లో పోయారు. ఇద్దరి విషయంలోనూ అదే కార్యాలయం అదే నిర్ణయం చెప్పింది. జాహ్నవి గురించి నేను చదివిన తెలుగు వార్తల్లో, వ్యాసాల్లో విలియమ్స్ పేరు ఒక్కసారి కూడా కనబడలేదు. మన అమ్మాయి కథ మన అమ్మాయితో మొదలై మన అమ్మాయితో ముగిసింది.

ధర పెంచి జవాబు చెప్పడం

ఆమెకు విలువ లేదన్న మాటకి మన పత్రికలు, మన సంఘాల ప్రకటనలు ఎలా జవాబిచ్చాయి? తెలివైన విద్యార్థిని అన్నాయి. ఆ ఏడాది చివరికి డిగ్రీ చేతికి వచ్చేదన్నాయి. మంచి ఉద్యోగం వచ్చేదన్నాయి. కుటుంబానికి ఆధారమయ్యేదన్నాయి. యూనివర్సిటీ ఆమె మరణానంతరం డిగ్రీ ఇస్తున్నట్టు ప్రకటిస్తే దాన్ని న్యాయంలో ఒక భాగంగా రాశాయి. ఇవన్నీ నిజాలే. వెనక ఉన్న దుఃఖం కూడా నిజమే. కాని తర్కాన్ని కాస్త తడిమి చూడండి. పదకొండు వేలు తక్కువ, ఆమె ఖరీదు ఇంకా ఎక్కువ అని మనం బేరమాడుతున్నాం. తూకం తప్పని అంటున్నామే గాని, మనిషిని తక్కెడలో పెట్టడం తప్పని అనడం లేదు.

నిజానికి ఆ తక్కెడ ఆడరర్ సొంతంగా తయారు చేసుకున్నది కాదు. అన్యాయంగా చనిపోయిన మనిషికి నష్టపరిహారం లెక్కగట్టేటప్పుడు ఆ మనిషి బతికుంటే ఎంత సంపాదించేవాడు, ఎవరికి పెట్టేవాడు అన్నది అమెరికన్ కోర్టుల్లో ముఖ్యమైన లెక్క. పోలీసు చేసిన తప్పుకి కట్టేది పోలీసు జేబులోంచి కాదు, నగరం ఖజానాలోంచీ ఇన్సూరెన్సులోంచీ. జాహ్నవి కుటుంబం వేసిన దావా 2026 ఫిబ్రవరిలో 29 మిలియన్ల డాలర్లకు పరిష్కారమైంది. జాన్ విలియమ్స్ కుటుంబానికి 2011లో వచ్చింది 1.5 మిలియన్లు. ఈ రెండు అంకెల్ని పక్కపక్కన పెడితే ఎవరి ప్రాణం ఎంత అన్న నీచమైన ప్రశ్నలోకి మనమూ దిగినట్టే. ఆ ప్రశ్నలోకి మనల్ని దింపడంలోనే ఉంది ఆ నవ్వు గెలుపు.

మనం ఈ తక్కెడని ఎదిరించలేకపోవడానికి కారణం, అది మనకి కొత్తది కాకపోవడమే. అమెరికా సంబంధానికి రేటు ఎంత, హెచ్ వన్ అయితే ఎంత, గ్రీన్ కార్డయితే ఎంత అని పెళ్ళిళ్ళ పేరయ్యలు చెబితే విన్నవాళ్ళం. 'ఏరియా మంచిది కాదు' అన్న మూడు మాటల్లో ఒక ఊరి సగం జనాభా విలువని తేల్చేసి, ఇల్లు ఇంకో చోట కొన్నవాళ్ళం. 'మంచి స్కూల్ డిస్ట్రిక్ట్' అన్నప్పుడు ఆ బడిలో ఎవరి పిల్లలు తక్కువగా ఉంటారో చెప్పకుండానే చెప్పుకుంటాం.

ఆ తక్కెడ ఎలా పనిచేస్తుందో చూడాలంటే బంగారంలాంటి విద్యార్థుల కథలు చాలవు. 2025 సెప్టెంబర్ 3న కాలిఫోర్నియాలోని శాంటా క్లారాలో మహబూబ్‌నగర్‌కు చెందిన మహమ్మద్ నిజాముద్దీన్ పోలీసు కాల్పుల్లో చనిపోయాడు. అతను రూమ్మేట్‌ని కత్తితో పొడిచాడని, అందుకే కాల్చామని పోలీసులు చెప్పారు. తనకు జరుగుతున్న జాతి వేధింపుల గురించి అతను ముందే రాసుకున్నాడని, నిష్పాక్షికమైన విచారణ కావాలని కుటుంబం అడిగింది. ఊళ్ళో ఉన్న తల్లిదండ్రులకు సంగతి తెలిసేసరికి రెండు వారాలు గడిచాయి. ఈ కథలో అమాయకత్వం అంత తేటగా లేదు. అందుకే మన సానుభూతి తడబడింది. కాని పోలీసుల జవాబుదారీ గురించి అడగాల్సింది ఇలాంటి చోటే. నిందితుడైనా సరే, చంపడం తప్పనిసరి అయిందా అని అడిగే హక్కు మనిషి మార్కుల జాబితా మీద ఆధారపడి ఉండకూడదు.

పొరపాటు అన్న మాట

2017 ఫిబ్రవరి 22న కాన్సస్ రాష్ట్రం ఒలేతలో ఒక బార్‌లో కూచిభొట్ల శ్రీనివాస్‌ని ఆడమ్ ప్యూరింటన్ కాల్చి చంపాడు. పక్కనే ఉన్న మిత్రుడు మాదసాని అలోక్ గాయపడ్డాడు. ఇద్దరూ గార్మిన్ కంపెనీలో ఇంజనీర్లు. నా దేశం విడిచి పొమ్మని అరుస్తూ కాల్చాడని సాక్షులు చెప్పారు. అడ్డుకోబోయిన ఇయన్ గ్రిలట్ అనే తెల్ల యువకుడికి కూడా తూటా తగిలింది. తర్వాత ఇంకో ఊళ్ళో, ఇద్దరు ఇరానియన్లను కాల్చానని హంతకుడు చెప్పుకున్నాడు. అతనికి యావజ్జీవ శిక్ష పడింది.

ఇది పోలీసులు చేసిన హత్య కాదు. కాని దీన్ని చెప్పిన తీరు మన చర్చకు అవసరం. 'ఇరానియన్లనుకుని పొరబడ్డాడు' అన్నది రెండు భాషల వార్తల్లోనూ మారుమోగింది. పొరపాటు అన్నప్పుడు దానికి ఎదురుగా ఒక 'ఒప్పు' ఉండాలి. మరి ఆ రోజు ఎవరిని కాల్చి ఉంటే గురి తప్పనట్టు? మనం పొరపాటున చచ్చిపోతున్నామని బాధపడినప్పుడల్లా, సరిగ్గా గురిచూసి చంపదగ్గ వాళ్ళు వేరే ఉన్నారని ఒప్పుకుంటున్నాం. ఆ రోజుల్లోనే, బయట మాతృభాషలో మాట్లాడకండి, ఎవరితోనూ వాదన పెట్టుకోకండి అని తెలుగువాళ్ళ మధ్య సలహాలు తిరిగాయి. భయంలో ఇచ్చిన సలహాలు, తప్పుపట్టలేం. శ్రీనివాస్ భార్య సునయన మాత్రం ఆ భయాన్ని పక్కనపెట్టి, మేమిక్కడి వాళ్ళమేనా అని అందరి ముందూ అడిగారు. మన సాహిత్యం అడగాల్సిన ప్రశ్న ఒక దుఃఖితురాలు విలేకరుల సమావేశంలో అడగాల్సి వచ్చింది.

అంతకు రెండేళ్ళ ముందు, 2015 ఫిబ్రవరి 6న, అలబామాలోని మాడిసన్‌లో మనవడిని చూసుకోవడానికి గుజరాత్ నుంచి వచ్చిన 57 ఏళ్ళ సురేశ్‌భాయ్ పటేల్ ఉదయం పూట కొడుకు ఇంటి వీధిలో నడుస్తున్నాడు. ఎవరో సన్నటి నల్లవాడు తిరుగుతున్నాడని ఇరుగుపొరుగు వాళ్ళొకరు పోలీసులకు ఫోన్ చేశారు. ఎరిక్ పార్కర్ అనే పోలీసు ఆయన్ని నేలకేసి కొట్టాడు. ఆయన పాక్షికంగా పక్షవాతం పాలయ్యాడు. రాష్ట్ర గవర్నర్ క్షమాపణ చెప్పాడు. ఫెడరల్ కోర్టులో రెండుసార్లు జ్యూరీ ఏకాభిప్రాయానికి రాలేకపోయింది. 2016 జనవరిలో జడ్జి ఆ పోలీసుని నిర్దోషిగా వదిలేశారు.

ఎండాకాలం సెలవులకు వచ్చి సాయంత్రాలు వాకింగుకి వెళ్ళే మన అమ్మలూ నాన్నలూ ఎంతమంది! ఆ ఫోన్ కాల్‌లో వాళ్ళ అందరి రంగూ ఉంది. పోలీసుకి ఫోన్ చేసేవాడి కంట్లో మనం ఎవరమన్నది మన గ్రీన్ కార్డు నిర్ణయించదు. ఈ పాఠం 1923లోనే వచ్చింది. పౌరసత్వం కోసం భగత్ సింగ్ తింద్ సుప్రీంకోర్టుకి వెళ్ళి, తాను ఉన్నత కులపు ఆర్యుడిని కాబట్టి తెల్లవాడి కిందే లెక్క అని వాదించాడు. పుస్తకాల్లో ఆర్యుడివైతే కావచ్చు గాని మామూలు జనం నిన్ను తెల్లవాడనరు అని కోర్టు తేల్చింది. నల్లవాళ్ళతో కలిపి చూడొద్దని కులాన్ని సాక్ష్యంగా తీసుకుపోతే, కులం అక్కడ చెల్లలేదు. మనలో కొందరు ఇంకా అదే కాగితం పట్టుకుని నిలబడ్డారు.

మన కథల్లో లేని వీధి

ఇన్నేళ్ళుగా వస్తున్న మన కథా సంకలనాలూ, సభల సావనీర్లూ తిరగేస్తే ఏమేం కనిపిస్తాయి? మొదటి మంచు. బేబీ సిట్టింగుకి వచ్చి విసిగిపోయిన అమ్మ. డేటింగుకి వెళతానన్న కూతురు. లేఆఫ్. ఇండియాకి తిరిగి వెళ్ళాలా వద్దా అన్న తర్జనభర్జన. వీటిలో మంచి కథలు లేవని కాదు, చాలా ఉన్నాయి. కాని ఈ కథలు జరిగే ఇళ్ళకి బయట వీధి లేదు. వీధి వచ్చిన అరుదైన సందర్భాల్లో నల్లవాడు గ్యాస్ స్టేషన్‌లో తుపాకీతో వస్తాడు, లేదా కథానాయకుడికి జీవితసత్యం బోధించే మంచి సెక్యూరిటీ గార్డుగా వస్తాడు. పోలీసు ఎప్పుడూ మర్యాదస్తుడే. స్పీడింగ్ టికెట్ ఇచ్చి 'హేవ్ ఎ నైస్ డే' అని వెళ్ళిపోతాడు. మినహాయింపులు ఉన్నాయి. అవి మినహాయింపులు కాబట్టే గుర్తుంటాయి.

మనకి తెలిసిన జీవితమే రాశాం, తెలియనిది ఎలా రాస్తాం అని ఒక సమాధానం ఉంది. న్యాయమైన సమాధానమే. అయితే మనవాళ్ళకి తెలియని జీవితమా ఇది? గ్యాస్ స్టేషన్లలో, సబ్ షాపుల్లో, మోటెళ్ళలో పనిచేసే తెలుగు విద్యార్థులు రాత్రిళ్ళు గడిపేది నల్లవాళ్ళ పేటల్లోనే. 1991లో లాస్ ఏంజిలిస్‌లో ఒక కొరియన్ దుకాణదారు, ఆరెంజ్ జ్యూస్ సీసా దొంగిలిస్తోందనుకుని లటాషా హార్లిన్స్ అనే పదిహేనేళ్ళ నల్ల పిల్లని కాల్చి చంపింది. జైలు శిక్ష పడలేదు. మరుసటేడాది రాడ్నీ కింగ్ కేసులో పోలీసులు నిర్దోషులన్న తీర్పుతో నగరం మండినప్పుడు కొరియన్ దుకాణాలు తగలబడ్డాయి. అదే 2020లో మినియాపొలిస్‌లో గాంధీ మహల్ అనే బంగ్లాదేశీ కుటుంబపు రెస్టారెంటు మంటల్లో పోతే, భవనం పోతే పోనీ, న్యాయం జరగాలి అన్నాడు యజమాని. రెండు మంటల మధ్య ఇరవై ఎనిమిదేళ్ళు. కౌంటర్ వెనక నిలబడ్డ వలసదారు ఈ రెండు మాటల మధ్య ఎక్కడ నిలబడతాడన్నది గొప్ప కథావస్తువు. ఆ కౌంటర్ వెనక మనవాళ్ళు రోజూ నిలబడుతూనే ఉన్నారు.

భాష చాలదనడానికీ లేదు. 1985లో కారంచేడు, 1991లో చుండూరు జరిగాక తెలుగులో వచ్చిన దళిత కవిత్వం, కథ, విమర్శ మన భాషకి కొత్త కళ్ళిచ్చాయి. హింసలో కర్త ఎవరో పేరు పెట్టి చెప్పడం తెలుగు వాక్యం అప్పుడు నేర్చుకుంది. ఆ భాష మన సూట్‌కేసుల్లో ఇక్కడికి రాలేదు. రాకపోవడం యాదృచ్ఛికం అనుకోను. అమెరికా విమానమెక్కిన మొదటి తరాల్లో ఆ హింసని అనుభవించిన కులాల వాళ్ళు చాలా తక్కువ. అక్కడ కర్తని చూడని చూపు ఇక్కడా చూడలేదు. ఆకాశంలో పదమూడు టైమ్ జోన్లు దాటినా చూపు మారదు.

పూలు చల్లిన చేతులు

ఈ మాట హైదరాబాద్‌లో చదివే పాఠకులకు కూడా వర్తిస్తుంది. 2019 డిసెంబర్ 6 తెల్లవారుజామున షాద్‌నగర్ దగ్గర చటాన్‌పల్లిలో, ఒక యువ వెటర్నరీ డాక్టర్ మీద అత్యాచారం చేసి చంపిన కేసులో పట్టుబడ్డ నలుగురిని పోలీసులు కాల్చి చంపారు. అక్కడికి చేరిన జనం పోలీసుల మీద పూలు చల్లారు. ఆడవాళ్ళు రాఖీలు కట్టారు. టీవీలు ఆ పూలని రోజంతా చూపించాయి. సుప్రీంకోర్టు నియమించిన సిర్పూర్కర్ కమిషన్ నివేదిక 2022 మేలో బయటికొచ్చింది. పోలీసులు చెప్పిన కథ కల్పితమని, చంపాలన్న ఉద్దేశంతోనే కాల్చారని, పదిమంది పోలీసుల మీద హత్యానేరం విచారణ జరగాలని అందులో ఉంది. ఆ నలుగురిలో ముగ్గురు అప్పటికి మైనర్లని కూడా కమిషన్ చెప్పింది. పూలకు దొరికినంత స్క్రీన్ ఆ నివేదికకు దొరకలేదు.

ఇక 2021 జూన్‌లో యాదాద్రి భువనగిరి జిల్లా అడ్డగూడూరు పోలీస్ స్టేషన్‌లో, దొంగతనం అనుమానం మీద పట్టుకొచ్చిన మరియమ్మ అనే దళిత మహిళ చనిపోయింది. ఇళ్ళల్లో పనిచేసుకుని బతికే మనిషి. ఆమె కోసం ఎవరూ విలువ లెక్క వెయ్యలేదు, తక్కువనీ అనలేదు, ఎక్కువనీ అనలేదు.

సియాటిల్ నవ్వు విని రక్తం మరిగిన మనమే చటాన్‌పల్లి పూలు చూసి చప్పట్లు కొట్టి ఉంటే, మన కోపం పోలీసు దౌర్జన్యం మీద కాదు, అది మన ఇంటి మీదికి రావడం మీద మాత్రమే. అలాంటి కోపం ఎక్కువ రోజులు నిలవదు. శవం ఊరు చేరాక, చెక్కు చేతికొచ్చాక చల్లారిపోతుంది.

2023 సెప్టెంబర్‌లో జాహ్నవి పడిపోయిన ఆ కూడలిలో జనం చేరి ఊరేగింపు తీశారు. అందులో భారతీయులు ఉన్నారు. ఆదోని ఎక్కడుందో తెలియనివాళ్ళు, ఆ పేరు సరిగ్గా పలకలేనివాళ్ళు కూడా ఎందరో ఉన్నారు. వాళ్ళకి ఆమె డిగ్రీ సంగతి ముఖ్యం కాదు. చారల మీద నడుస్తున్న మనిషి ఇంటికి చేరాలన్నదే వాళ్ళ వాదన. అలాంటి ఊరేగింపు ఇంకొకరి పిల్ల కోసం జరిగినప్పుడు మనలో ఎంతమందిమి వెళ్ళాం అన్నది ఎవరికి వాళ్ళు వేసుకోవలసిన ప్రశ్న. మన రచయితలకి ఇంకో ప్రశ్న కూడా ఉంది. ఆ రికార్డింగ్‌లో ఆడరర్ ఆమెని మామూలు మనిషి అన్నాడు, అంటే తేలిగ్గా తీసిపారెయ్యొచ్చని అతని భావం. మన పత్రికలు ఆమె మామూలు మనిషి కాదని నిరూపించడానికి కష్టపడ్డాయి. మామూలు మనిషే, అందుకే ఆమె ప్రాణం ముఖ్యం, జాన్ విలియమ్స్ ప్రాణమూ మరియమ్మ ప్రాణమూ అంతే ముఖ్యం అని చెప్పగలిగేది కథ ఒక్కటే. ఆ కథ ఇంకా రావలసి ఉంది.